యాభై మీద ఇరవై

అంగడివాడు వస్తువు ధర సగానికి తగ్గించి, ఆపైన మరో ఇరవై శాతం తగ్గిస్తానని చెబితే మొత్తం మీద డెబ్భై శాతం తగ్గినట్టేనని జనం నమ్ముతారు. ఈ నమ్మకానికి చదువు అడ్డురాదు. యాభై, ఇరవై అనే రెండు సంఖ్యలు పక్కపక్కన కనబడితే వాటిని కూడకుండా ఊరుకోవడం ఎవరికైనా కష్టమే. మధ్యలో కూడిక గుర్తు కూడా వేసి ఉంటే మరీ కష్టం.

విజయనగరంలో గంటస్తంభానికి కాస్త ఇవతలగా ఉన్న మూడంతస్తుల బట్టల కొట్టువారు ఆ ఆషాఢమాసంలో గుమ్మానికి అడ్డంగా కట్టిన పసుపుపచ్చని గుడ్డ మీద కూడిక గుర్తును అంకెలకన్నా పెద్దదిగా రాయించారు.

కుమారి ఆ గుర్తు కిందనుంచే రోజూ పనిలోకి వెళ్ళేది. రెండో అంతస్తులో చీరల విభాగం ఆమెది. పద్నాలుగేళ్ళుగా అక్కడే నిలబడి చీరలు విప్పుతోంది, మడుస్తోంది. ఆ రోజు ఉదయం షట్టరు ఎత్తకముందే ఫ్లోర్ మేనేజరు గురుప్రసాద్ అందరినీ మెట్ల దగ్గర నిలబెట్టి చెప్పిన మాట మధ్యాహ్నం దాటినా ఆమె చెవుల్లోంచి పోలేదు.

"ఆషాఢం అయ్యాక చీరల సెక్షన్లు రెండూ కలిపేస్తున్నారు. ఒక సెక్షనుకి ఇద్దరు సీనియర్లు అక్కర్లేదన్నారు ఓనరు గారు. ఎవరి పేరు మీద తక్కువ స్లిప్పులు రద్దయితే వాళ్ళుంటారు. ఇది నా మాట కాదు, ఆయన మాట."

ఇద్దరు సీనియర్లంటే కుమారి, ఎదుటి విభాగంలోని రేఖ. రేఖకు ఇంకా ముప్పై రాలేదు. నవ్వుతూ అమ్ముతుంది, అమ్మాక మళ్ళీ నవ్వుతుంది. ఆ నెలలో ఇద్దరి పేరు మీదా ఒక్క స్లిప్పు కూడా రద్దు కాలేదు.

స్లిప్పు సంగతి ఇది. కొనేవారు ఎంచుకున్న చీరల చీటీలను కుమారి చేతిమిషనుకు చూపించి మీట నొక్కితే స్లిప్పు వస్తుంది. నొక్కిన మరుక్షణం అది ఆమె పేరు మీద నమోదవుతుంది. స్లిప్పులో ముద్రిత ధర ఒక్కటే ఉంటుంది; తగ్గింపు పోగా ఎంతో ఉండదు. సరుకు చిన్న లిఫ్టులో కింది అంతస్తుకు దిగిపోతుంది, కొన్నవారు మెట్లు దిగి వెళతారు, అసలు ధర బిల్లింగు కౌంటరు దగ్గరే తెలుస్తుంది. ఎంత పడుతుందని ఎవరైనా అడిగితే గుమ్మం మీది గుడ్డను చూపించాలి. అంతకుమించి నోరు విప్పకూడదు. సరుకు కౌంటరు దగ్గర వెనక్కి వచ్చినా, పైననే మనసు మార్చుకున్నా స్లిప్పు రద్దే.

మూడు గంటలు దాటాక ముగ్గురు మెట్లెక్కి వచ్చారు. ముందు ఒక పెద్దాయన. ముతక చొక్కా జేబులో రైలు టిక్కెట్లు పైకి కనబడుతున్నాయి, భుజం మీది తువ్వాలు ఒక కొసన ముడివేసి ఉంది. వెనక ఆయన భార్య. ఆమె వెనక పెన్నుతో, ఫోనుతో ఆమె తమ్ముడు. చీరల ముందు తెల్లపరుపు మీద కూర్చునేలోగానే ఊరూ పేరూ పనీ అన్నీ బయటపడ్డాయి. పెద్దాయన పేరు అప్పలసూరి, ఆమదాలవలస అవతల ఆయనకు వరిచేలు. ఆవిడ దేముడమ్మ. తమ్ముడు మురళీమోహన్ డిగ్రీ దాకా చదివి ఆమదాలవలసలో బియ్యం మిల్లు లెక్కలు చూస్తాడు.

"శ్రావణంలో గృహప్రవేశం అమ్మీ," అంది దేముడమ్మ. "ఆడపడుసులకి సీరలెట్టాల. సొంతోళ్ళు ముగ్గురే. వరసోళ్ళని కలుపుకుంటే ఇరవై నలుగురు తేలినారు."

"ఇరవై నలుగురా!"

"మరేటనుకున్నావు. ఆయన్ని సూడు, ఒక్కడే మగోడు. సుట్టూ ఆడపడుసుల తోట."

"అందరికీ ఒకే రకం కావాలమ్మా?"

"ఒకే రకం, ఒకే ధర. రంగులు ఏవైనా పర్లేదు. మొన్న మా ఊళ్ళో ఒకరింట్లో పెద్దాడపడుసుకి ఒకటి, సిన్నాడపడుసుకి ఒకటి ఎట్టినారు. పెద్దావిడ సీర అరుగు మీద పారీసి, అన్నం తినకుండా ఎల్లిపోనాది. నాకలగ వద్దు."

"పారీసినా పర్లేదప్పా, నువ్వు తీసీసి కట్టుకుందువు గాని," అన్నాడు మురళీమోహన్.

"నోరు ముయ్యరా. నీ పెళ్ళాం కూడా ఆ ఇరవై నలుగురిలో లేదు, సూసుకో."

కుమారికి నవ్వు వచ్చింది. పొద్దుటినుంచీ అదే మొదటి నవ్వు. ఆమె పుట్టిల్లు కూడా ఆ పక్కే. కొట్టులో పద్ధతిగా మాట్లాడాలని నేర్పినందువల్ల ఆమె మాట పట్నం మాట అయింది గానీ చెవి మాత్రం ఊరిదే. జరీ అంచున్న చీరలు తీసి పరిచింది. ముద్రిత ధర రెండువేల అయిదువందలు, పన్నులతో కలిపి. నేరేడుపండు రంగు, మెంతిరంగు, చిలకపచ్చ, మిరపపండు రంగు. దేముడమ్మ ప్రతి చీరా ఒళ్ళో వేసుకుని, అంచు వేళ్ళ మధ్య నలిపి, పేరుపేరునా ఒక ఆడపడుచుకు కేటాయించి పక్కన పెట్టింది. ఇది రావణమ్మకి, అది నల్లగా ఉంటాది, మెంతిరంగు దానికొద్దు. ఇది రాజులమ్మకి. ఇరవై నాలుగూ అయ్యేసరికి కుమారి మెడ మీద చెమట పట్టింది. చీటీలన్నీ చూపించి మీట నొక్కింది. స్లిప్పు వచ్చింది.

అప్పుడు అప్పలసూరి తువ్వాలు కొస ముడి తడుముకుంటూ భార్యతో అన్నాడు:

"సరిపోనాదే. ఏభై, ఇరవై, డెబ్బయ్యి పోతే ఒక్కోటి ఏడొందల ఏభై. ఇరవై నాలుక్కి పద్దెనిమిది వేలు. అదే తెచ్చీనాం. రూపాయి మిగల్దు, రూపాయి తగ్గదు."

కుమారి చేయి మడతపెడుతున్న చీర మీదే ఆగిపోయింది.

రెండువేల అయిదువందల్లో సగం పోతే పన్నెండువందల యాభై. ఆ పన్నెండువందల యాభైలో ఇరవై శాతమంటే రెండువందల యాభై. మిగిలేది వెయ్యి. ఏడువందల యాభై కాదు. ఇరవై నాలుగు చీరలకు ఇరవై నాలుగు వేలు. ఈ లెక్క ఆమె పద్నాలుగేళ్ళలో ఎన్నిసార్లు మనసులో వేసుకుందో ఆమెకే తెలియదు. పైకి మాత్రం ఒక్కసారీ చెప్పలేదు. చెప్పవలసిన అవసరమూ రాలేదు. ఒకటో రెండో చీరలు కొన్నవాళ్ళకు కౌంటరు దగ్గర రెండువందలో మూడువందలో ఎక్కువ పడితే ముఖం చిట్లించి ఇచ్చేస్తారు. ఇది అలా ఇచ్చేసే తేడా కాదు.

"కుమారీ, ఇంకా దించలేదా?" గురుప్రసాద్ నడవలో నిలబడి ఉన్నాడు. "కింద కౌంటరు ఖాళీగా ఉంది."

ఆమె లేచి ఆయన దగ్గరకు వెళ్ళి గొంతు తగ్గించింది.

"వాళ్ళు డెబ్భై పోతుందనుకుంటున్నారు సార్."

"మనం డెబ్భై అన్నామా?"

"లేదు సార్."

"గుడ్డ మీద డెబ్భై అని ఉందా?"

"లేదు."

"మరింకేం? పంపించు."

"కౌంటరు దగ్గర వెనక్కి తీసేస్తారు సార్. ఇరవై నాలుగు చీరలు."

"తియ్యరు." గురుప్రసాద్‌కు ఈ విషయంలో సందేహమే లేదు. "వెనక పదిమంది నిలబడి చూస్తూంటే ఎవడూ వెనక్కి తియ్యడు. పరువు. ఆ ఫోనున్నాయన చూడు, ఆయనే కట్టేస్తాడు. ఇన్నేళ్ళుగా చూస్తున్నాను."

"తీస్తే?"

"తీస్తే నీ స్లిప్పు."

ఆయన వెళ్ళిపోయాడు. కుమారి అక్కడే నిలబడిపోయింది. ఆయన చెప్పింది అబద్ధం కాదు. చాలామంది తియ్యరు. మురళీమోహన్ ఫోను తీసి, నవ్వు ఎక్కడా చెదరకుండా తక్కువపడ్డ ఆరువేలూ కట్టేస్తాడు, బావ ముందు తగ్గలేడు. ఆమె స్లిప్పు నిలుస్తుంది. ఆమె ఉద్యోగం నిలుస్తుంది. లిఫ్టు తలుపు తీసి చీరలు అందులో పెట్టడమే ఆమె చెయ్యవలసిన పని. తక్కినదంతా మెట్ల కింద జరుగుతుంది, ఆమెకు కనబడదు కూడా.

కానీ తియ్యనివాళ్ళ మధ్య తీసినవాళ్ళు కూడా ఉన్నారు. కిందటి ఆషాఢంలో చీపురుపల్లి వైపు నుంచి వచ్చిన ఒకాయన ఉన్నాడు. పెద్దవాళ్ళ బట్టలన్నీ పైన ఎంచుకుని, కూతురికి పట్టులంగా కొని, దాన్ని ఆ పిల్ల చేతికే ఇచ్చాడు. కౌంటరు దగ్గర అంకె విన్నాక ఏం చేశాడో అక్కడి అమ్మాయి కుమారికి తరవాత చెప్పింది. ఒక్కొక్కటే వెనక్కి పెట్టి, చివరకు పిల్ల చేతిలోని లంగా కూడా లాక్కుని బల్ల మీద పెట్టి, పిల్లను ఎత్తుకుని వెళ్ళిపోయాడు. ఆ లంగా మళ్ళీ మడిచి అరలో పెట్టింది కుమారే. దాని నడుము పట్టీ చెమటతో తడిగా ఉంది.

తిరిగి పరుపు దగ్గరకు వచ్చేసరికి దేముడమ్మ చీరల దొంతర మీద అరచెయ్యి ఆనించి ఉంది.

"అమ్మీ, నువ్వు మా పక్క దానివే గదా, మా మాటలకి నవ్వినప్పుడే తెలిసినాది. ఒక్క మాట సరిగ్గా సెప్పు. కింద మరేటీ కలపరు గదా?"

గుమ్మం మీది గుడ్డను చూపించాలి. కుమారి చెయ్యి లేవలేదు.

"కలపరమ్మా," అంది. "కానీ మీరనుకున్నంత తియ్యరు కూడా."

ముగ్గురూ ఆమె వైపు చూశారు.

"డెబ్భై కాదు. అరవయ్యే తీస్తారు. ఒక్కో చీర వెయ్యి."

"అదేటి?" అన్నాడు అప్పలసూరి. "ఏభై, ఇరవై కలిపితే అరవయ్యా? ఎవరు సెప్పినారు నీకు?"

మురళీమోహన్ అప్పటికే ఫోను తీశాడు. "ఉండు బావా, గొడవెందుకు. ఏభై. ప్లస్సు. ఇరవై. ఎంత? డెబ్బయ్యి. సూడమ్మా, నువ్వే సూడు. ఫోను అబద్ధమాడతాదేటి?"

"ఫోను కాదు బాబూ, ఆ ఇరవై దేని మీద తీస్తారన్నదే..." కుమారి ఆగింది. మాట ఎలా చెప్పాలో తోచలేదు. చేతిలో లెక్కలమిషను లేదు. ఉన్నా అది కొట్టువాళ్ళ మిషనంటారు. మనసులో ఏదో వెతుక్కుంటే పుట్టింటి కళ్ళం కనిపించింది. గాభరాలో పట్నం మాట జారిపోయి ఊరి మాట బయటపడింది.

"ఇలగ సూడండి. కళ్ళంలో వడ్ల రాశి ఉన్నాదనుకోండి. అందులో సగం తీసీసినారు. మిగిలింది సగమే గదా? ఆ మిగిలిన సగంలోంచి అయిదో వంతు తీస్తే..."

"ఆగమ్మీ." అప్పలసూరి చెయ్యెత్తాడు. ఆయన ముఖంలో కోపం లేదు, ఇప్పుడు సొంత పొలంలో నిలబడ్డవాడి ధీమా ఉంది. "మా కళ్ళంలో అలగ కొలవరు. భూమి ఆసామికి సగం. ఎరువుకీ కోతకీ కలిపి అయిదో వంతు. రెండూ పెద్దరాశి మీదే కొలుస్తాం. మిగిలిన సగం మీద కొలిసినామనుకో, ఎరువిచ్చినోడు ఊరుకుంటాడేటి? కళ్ళంలోనే కూకుండిపోడూ?"

"మిల్లులోనూ అంతే," అన్నాడు మురళీమోహన్. "తేమకింత, తాలు గింజలకింత. రెండూ బస్తా మొత్తం మీదే కోస్తాం. తేమ కోసీసి, మిగిలినదాని మీద తాలు కోస్తామంటే మా ఓనరు నన్నే తాలులో కలిపీస్తాడు."

వాళ్ళు చెప్పింది నిజం. కుమారి తండ్రి కూడా అలాగే కొలిచేవాడు. చిన్నప్పుడు కళ్ళంలో కూర్చుని ఆమె కళ్ళారా చూసింది: ఎవరి వాటా అయినా పెద్దరాశిలోంచే, అందరి వాటాలూ తీశాకే ఇంటి రాశి. ఆ కొలతలో యాభై, ఇరవై కలిస్తే డెబ్భయ్యే. వీళ్ళ తప్పు లెక్కలో లేదు. ఇరవై శాతాన్ని ఏ రాశి మీద కొలవాలో నిర్ణయించే హక్కు కొట్టువాడిదని వాళ్ళకు తెలియకపోవడమే తప్పు. అది గుడ్డ మీద ఎక్కడా రాసి లేదు.

"మిమ్మల్ని నమ్మమనను," అంది చివరికి. "ఒక్క చీర కిందికి తీసుకెళ్ళి బిల్లు చేయించి సూడండి. డెబ్బయ్యి అయితే ఏడొందల ఏభై పడతాది. అరవై అయితే వెయ్యి. ఆ తరవాత ఈ ఇరవై నాలుగు సంగతి సూద్దాం."

"బిల్లయిన సీర మరి?"

"అది మళ్ళీ తిరిగి తీసుకోరు. కొనుక్కోవాల."

అప్పలసూరి బావమరిది వైపు చూశాడు. మురళీమోహన్ కాలరు సర్దుకున్నాడు.

"నాను కొంటాను బావా. డెబ్బయ్యి కాకపోతే ఆ సీర నా డబ్బుతో మా ఆవిడకి. డెబ్బయ్యి అయితే మీ డబ్బుతో మా ఆవిడకి."

"ఎలగైనా నీ పెళ్ళానికే!" అంది దేముడమ్మ. "ఒరే, ఎన్నైనా సెప్పు, గృహప్రవేశం నాడు మాత్రం దాన్ని ఆ సీర కట్టనిచ్చావంటే ఊరుకోను. అందరికీ ఒకే రకమన్నాను."

మురళీమోహన్ ఇరవై అయిదో చీరగా ఒక వంకాయరంగుది తీశాడు. దానికి కుమారి వేరే స్లిప్పు కొట్టింది. దొంతరను అలాగే ఉంచి, "రేఖా, కాస్త నా సెక్షను చూడు," అంది.

"ఎక్కడికక్కా?"

"కిందికి."

రేఖ లేచి కుమారి విభాగం ముందుకు వచ్చి నిలబడింది.

కింది కౌంటరు ఇప్పుడు ఖాళీగా లేదు. సాయంత్రం బేరాలు మొదలయ్యాయి. వరుస గుమ్మం దాకా వచ్చింది. ముందు నాలుగు కుటుంబాలు, వెనక ఇంకా కొన్ని. చంకలో సంచులతో, చేతుల్లో డబ్బులతో, పెదవులు కదుపుతూ లెక్కలు వేసుకుంటున్నారు. కుమారి స్తంభం పక్కన నిలబడింది. పద్నాలుగేళ్ళలో ఆమె కౌంటరు ముందు నిలబడటం ఇదే మొదలు. సిబ్బంది అటువైపు రాకూడదు. వరుస కదలడం లేదు. ఎవరిదో కార్డు పని చెయ్యడం లేదు. అప్పలసూరి జేబులోని టిక్కెట్లు తీసి చూసుకున్నాడు, మళ్ళీ పెట్టుకున్నాడు. "పాసింజరు అందుతాదా?" అన్నాడు ఎవరినీ ఉద్దేశించకుండా.

కుమారి తన లెక్కను మళ్ళీ వేసింది. సగం, పన్నెండువందల యాభై. అయిదో వంతు, రెండువందల యాభై. వెయ్యి. ఇంతకాలం తప్పని లెక్క ఇప్పుడు మాత్రం తప్పితే? ఈ ఏడాది మిషనులో పద్ధతి మార్చి ఉంటే? డెబ్భై అని వస్తే ఆమె పిచ్చిదవుతుంది, స్లిప్పు దక్కుతుంది. వెయ్యి అని వస్తే ఆమె మాట నిలుస్తుంది, స్లిప్పు పోతుంది. ఏది రావాలని కోరుకుంటోందో ఆమెకు తెలియలేదు. అరచేతులు చీర కొంగుకు తుడుచుకుంది.

మెట్ల మీద గురుప్రసాద్ కనిపించాడు. ఆయన ముందు కుమారిని చూశాడు, తరవాత వరుసలో ఉన్న ముగ్గురినీ, వాళ్ళ చేతిలోని ఒకే ఒక్క చీరనూ చూశాడు. ఏం జరుగుతోందో ఆయనకు అర్థమైంది. కానీ అంతమంది మధ్య పిలవలేదు.

మురళీమోహన్ వంతు వచ్చింది. కౌంటరు అమ్మాయి చీటీ చూపించింది, మిషను కీచుమంది, కాగితం బయటికి వచ్చింది.

"వెయ్యి రూపాయలు సార్."

"మరోసారి కొట్టమ్మా."

"సార్?"

"మరోసారి. తప్పు పడుంటాది."

ఆ అమ్మాయి ఆ బిల్లు తీసేసి మళ్ళీ కొట్టింది. కాగితం మళ్ళీ వచ్చింది. వెయ్యి.

మురళీమోహన్ వెయ్యి కట్టేసి, ఆ కాగితాన్ని తన ఫోను పక్కన పెట్టి రెంటినీ మార్చి మార్చి చూశాడు. అప్పలసూరి మాత్రం కాగితం చూడలేదు. ఆయన గురుప్రసాద్ వైపు తిరిగాడు. గొంతు పెంచలేదు గానీ పొలంలో అలవాటైన గొంతు, హాలు చివరిదాకా వినబడింది.

"బాబూ, ఆ ఇరవై దేని మీద తీసినారు?"

"మిగిలిన ధర మీదండీ. సగం పోగా మిగిలినదాని మీద."

"ఆ మాట గుడ్డ మీద రాయలేదేం?"

"అందరికీ తెలిసిందే కదండీ."

"నాకు తెలీదు." అప్పలసూరి వెనక్కి తిరిగి వరుసలో ఉన్నవాళ్ళను చూశాడు. "మీకు తెలుసా? ఇక్కడ ఎవరికి తెలుసో సెప్పండి."

సంచిని గుండెకు హత్తుకుని నిలబడ్డ ఒకావిడ కౌంటరు అమ్మాయిని అడిగింది: "అంటే మాకూ అరవయ్యేనా?" ఆమె వెనకున్న మనిషి ముందుకు వంగి, "ఏటి, డెబ్బయ్యి కాదా?" అన్నాడు. ఆ మాట వెనక్కి వెనక్కి పాకింది. పెదవులు మళ్ళీ కదలడం మొదలెట్టాయి, ఈసారి వేరే లెక్క వేస్తూ. ఒక కుటుంబం వరుసలోంచి తప్పుకుని మెట్ల వైపు నడిచింది. వాళ్ళ వెనక ఇంకొకరు.

గురుప్రసాద్ కుమారి పక్కకు వచ్చాడు.

"నువ్వు చెప్పావా?"

"అడిగారు సార్."

"అడిగితే గుడ్డ చూపించమన్నాను."

కుమారి ఆయన్ని దాటి నడిచింది. దేముడమ్మ మెట్ల దగ్గర నిలబడి ఉంది. ఆమె ముఖంలో ఇందాకటి ధాటి లేదు.

"ఆరుగురికి తగ్గుతాయే అమ్మీ," అంది. "ఆ సొమ్ముకి పద్దెనిమిదే వస్తాయి. ఎవరిని మానెయ్యమంతావు? ఎవరిని మానేసినా జన్మలో గుమ్మం తొక్కరు."

"ఎవరినీ మానెయ్యక్కర్లేదమ్మా. పైకి రండి. కింది అరలో సన్నంచు చీరలున్నాయి, పద్దెనిమిదివందల యాభై రకం. బేగి రండి, రైలుంది కదా."

"అది అరవై పోతే ఎంత?"

"ఏడొందల నలభై."

అప్పలసూరి మెట్టు మీద ఆగాడు. ఈసారి ఆయన తనే లెక్క వేసుకున్నాడు. ముందు సగం తీశాడు, ఆ సగంలోంచి అయిదో వంతు తీశాడు. వేళ్ళు మడుచుకుంటూ వేసేసరికి చాలాసేపు పట్టింది. వెనక మురళీమోహన్ ఏదో అనబోతే, "నువ్వుండరా, ఇది మిల్లు కాదు," అన్నాడు. ఆఖరికి తల ఊపాడు.

పైన కుమారి మొదటి స్లిప్పును మిషనులో తిరిగి తెరిచింది. రద్దు చెయ్యాలా అని మిషను అడిగింది. చేసింది. రంగులు మళ్ళీ కేటాయించడం మొదలైంది. చిలకపచ్చ ఈ రకంలో లేదు, రాజులమ్మకు ఆకుపచ్చతో సరిపెట్టారు. దేముడమ్మ అంచులు నలిపి చూస్తూ, "సన్నమే గాని మెత్తగా ఉన్నాది," అంది. ఎదుటి విభాగంలో రేఖ తన చీరలు మడుచుకుంటోంది, ఇటు చూడటం లేదు.

ఇరవై నాలుగు సన్నంచు చీరలు రెండో స్లిప్పు మీద బిల్లయ్యాయి. ఒక్కొక్కటి ఏడువందల నలభై, మొత్తం పదిహేడువేల ఏడువందల అరవై. అప్పలసూరి కుటుంబం పాసింజరు అందుకుంది. వరుసలోంచి వెనక్కి వెళ్ళినవారంతా మూడో అంతస్తులో బట్టలు ఎంచుకున్నవారు; వారిలో రెండు కుటుంబాలు ఏమీ కొనకుండా వెళ్ళిపోయాయి. తక్కినవారు తగ్గించుకుని కొన్నారు. మర్నాడు గుమ్మం మీది గుడ్డ అలాగే ఉంది. ఆషాఢం ముగిసేనాటికి రేఖ పేరు మీద రద్దయిన స్లిప్పులు లేవు. కుమారి పేరు మీద ఒకటి ఉంది. శ్రావణం మొదటివారంలో రెండు విభాగాలు కలిపారు. రేఖను ఉంచారు. కుమారికి ఆ నెల జీతం ఇచ్చి పంపించారు.